సిమ్స్ 4లో మేకప్ సీసీ: ఆ చిన్న ఫైల్‌లో ఏముంటుంది, ముఖం మీద ఎందుకు తేడా కొడుతుంది

మనుషులను తయారుచేసి, వాళ్ల జీవితాన్ని నడిపించే కంప్యూటర్ ఆట సిమ్స్ 4. అదనపు ప్యాకులు లేని దాని అసలు ఆట, అంటే బేస్ గేమ్, 2022 అక్టోబరు నుంచి ఉచితం. పైసా ఖర్చు లేకుండా ఎవరైనా ల్యాప్‌టాప్‌లోకి దించుకోవచ్చు. దించుకున్నాక చాలామంది ముందు కూర్చునేది ఇల్లు కట్టడానికి కాదు, మనిషిని తయారుచేయడానికి. లోటు తెలిసేదీ అక్కడే. కాటుక ఉంటుంది గానీ మనం పెట్టుకునే కాటుకలా ఉండదు. లిప్‌స్టిక్ ఉంటుంది గానీ చామనఛాయ మీద తేలిపోతుంది. లాల్ దర్వాజా బోనాల్లో కనిపించే పోతురాజు ముఖాన్ని తయారుచేద్దామంటే సరైన పసుపు దొరకదు. అప్పుడు ఎవరో ఒకరు ‘సీసీ వేసుకో’ అంటారు. ఫైల్ దించుకుంటారు, ఫోల్డర్‌లో పడేస్తారు, ఆట తెరుస్తారు. ఏమీ కనిపించదు. లేదా కనిపిస్తుంది గానీ పెదవుల చుట్టూ తెల్లటి గీత పడుతుంది. లేదా ఊళ్లో పోస్ట్‌మ్యాన్ కూడా అదే మేకప్ వేసుకుని తిరుగుతుంటాడు.

ఈ మూడూ మూడు వేర్వేరు చోట్ల పుట్టే సమస్యలు. మొదటిది ఫోల్డర్‌లో, రెండోది బొమ్మలో, మూడోది బొమ్మతో వచ్చే రికార్డులో. ఏది ఎక్కడిదో తెలిస్తే ఆట మొత్తం తీసేసి మళ్లీ వేసుకునే అవస్థ తప్పుతుంది.

సీసీ, మాడ్, స్క్రిప్ట్ మాడ్: ఏది ఏది

సీసీ అంటే కస్టమ్ కంటెంట్. ఆటలో లేని వస్తువును బయటివాళ్లు తయారుచేసి ఇవ్వడం: జుట్టు, చీర, సోఫా, లిప్‌స్టిక్. ఇది ఆట నడిచే తీరును మార్చదు, చూపును మాత్రమే మారుస్తుంది. మాడ్ అంటే నడకనే మార్చేది: కొత్త ఉద్యోగాలు, కొత్త పనులు, పాత నియమాల సవరణలు.

ఫైల్ చివర ఉండే పేరుతో చాలావరకు తేడా పట్టేయొచ్చు. మేకప్, బట్టలు, ఫర్నిచర్ అన్నీ డాట్ ప్యాకేజ్ ఫైళ్లుగా వస్తాయి. కొన్ని చిన్న మాడ్లు కూడా ప్యాకేజ్‌లోనే ఉంటాయి. డాట్ టీఎస్4స్క్రిప్ట్ అని ఉంటే మాత్రం అది కచ్చితంగా స్క్రిప్ట్ మాడ్, అంటే పైథాన్ భాషలో రాసిన ప్రోగ్రామ్. మేకప్‌కు ప్రోగ్రామ్‌తో పనే లేదు. ఈ తేడాకు భద్రత దగ్గర చాలా విలువ ఉంది, ఆ సంగతి తర్వాత.

ఇవన్నీ పీసీ, మ్యాక్‌లకే. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్ వెర్షన్లలో ఇలా బయటి ఫైళ్లు దించి ఫోల్డర్‌లో వేసుకునే దారి లేదు. 

ప్యాకేజ్ లోపల: ఒక బొమ్మ, ఒక రికార్డు

మేకప్ ప్యాకేజ్‌ను సిమ్స్ 4 స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో తెరిస్తే లోపల ముఖ్యంగా రెండు కనిపిస్తాయి.

మొదటిది బొమ్మ, అంటే టెక్స్చర్. సిమ్, అంటే ఆటలోని మనిషి, ఒంటి చర్మాన్నంతా విప్పి పరిస్తే ఎలా ఉంటుందో అలాంటి పొడవాటి చిత్రం, మామూలుగా 1024 × 2048 పిక్సెళ్లు. అందులో ముఖానికి కొంత చోటు, చేతులకు కొంత, కాళ్లకు కొంత. లిప్‌స్టిక్ బొమ్మలో పెదవులున్న చోట మాత్రమే రంగు ఉంటుంది, మిగతాదంతా పారదర్శకం. జుట్టుకో చీరకో ఉన్నట్టు మేకప్‌కు సొంత మెష్, అంటే త్రీడీ ఆకారం, ఉండదు. అందుకే మేకప్ సీసీ ఎక్కువగా పాడవదు, తయారుచేయడమూ కొత్తవాళ్లకు తేలిక. త్రీడీ కనురెప్పల వెంట్రుకలు దీనికి మినహాయింపు. వాటికి మెష్ ఉంటుంది. చాలా ఏళ్లుగా తయారీదారులు వాటిని కళ్లద్దాలు, ఉంగరాల లాంటి విభాగాల్లో పెట్టి ఇస్తున్నారు. కనురెప్పలు పెట్టగానే కళ్లజోడు మాయమవడానికి కారణం అదే.

రెండోది క్యాస్ పార్ట్ అనే రికార్డు. క్యాస్ అంటే క్రియేట్ ఎ సిమ్, మనిషిని తయారుచేసే తెర. ఈ బొమ్మ ఏ విభాగంలో కనిపించాలి, ఏ వయసువాళ్లకు, ఆడవాళ్లకా మగవాళ్లకా ఇద్దరికీనా, ఏ పొర మీద ఏ పొర రావాలి, ఆట తనంతట తాను దీన్ని ఎవరికైనా పెట్టొచ్చా లేదా... ఇవన్నీ ఇందులో రాసి ఉంటాయి. ఒకే లిప్‌స్టిక్‌కు 12 రంగులుంటే, అంటే 12 స్వాచ్‌లుంటే, రికార్డులు కూడా 12 ఉంటాయి. ప్రతి రికార్డుకూ ఓ గుర్తింపు సంఖ్య ఉంటుంది. అది మరెవరి సంఖ్యతోనూ కలవకూడదు.

దీన్నిబట్టే సీసీ రెండు రకాలు. ఆటలో ఉన్నవాటి పక్కన కొత్తగా చేరేది ఒకటి, ఆటలోని వస్తువు సంఖ్యనే వాడుకుని దాని స్థానంలో కూర్చునేది ఇంకొకటి. రెండోదాన్ని ఓవర్‌రైడ్ అంటారు. ఒకే వస్తువు మీద రెండు ఓవర్‌రైడ్‌లు ఉంటే ఏదో ఒకటే నెగ్గుతుంది. ఒకే లిప్‌స్టిక్ పాత వెర్షన్, కొత్త వెర్షన్ రెండూ ఫోల్డర్‌లో మిగిలిపోయినా ఇదే గొడవ. సంఖ్యలు ఒకటే కాబట్టి ‘అప్‌డేట్ చేశాను, ఏమీ మారలేదు’ అన్న ఫిర్యాదు వస్తుంది. పాతదాన్ని తీసేశాకే కొత్తది పెట్టాలి.

ఫోల్డర్ దగ్గరే ఆగిపోయేవి

డాక్యుమెంట్స్ లోపల ఎలక్ట్రానిక్ ఆర్ట్స్, దాని లోపల ది సిమ్స్ 4, దాని లోపల మాడ్స్. ఫైల్ చేరాల్సింది ఇక్కడికి. ఆట ఇన్‌స్టాల్ అయిన ప్రోగ్రామ్ ఫైల్స్‌లోకి కాదు. ఆటను ఒకసారైనా తెరిస్తే గానీ ఈ ఫోల్డర్ పుట్టదు.

విండోస్ ల్యాప్‌టాప్‌లలో ఇక్కడో మెలిక ఉంది. వన్‌డ్రైవ్ బ్యాకప్ ఆన్‌లో ఉంటే అసలు డాక్యుమెంట్స్ ఫోల్డర్ వన్‌డ్రైవ్ కిందికి వెళ్లిపోతుంది. అప్పుడు కంప్యూటర్‌లో రెండు డాక్యుమెంట్స్ ఉన్నట్టు కనిపిస్తాయి. ఆట ఒకదాన్ని చదువుతుంటే మనం రెండోదాన్ని నింపుతుంటాం. ఏ ఫోల్డర్‌లోని సేవ్ ఫైళ్ల తేదీ ఆట ఆడిన ప్రతిసారీ మారుతోందో చూస్తే అసలుది తెలిసిపోతుంది.

మాడ్స్ ఫోల్డర్‌లో రిసోర్స్ డాట్ సీఎఫ్‌జీ అనే చిన్న ఫైల్ ఉంటుంది. ఎన్ని ఫోల్డర్ల లోతు వరకు వెతకాలో ఆటకు చెప్పేది ఇదే. ప్యాకేజ్ ఫైళ్లకు మామూలుగా ఐదు లోతుల వరకు అనుమతి. స్క్రిప్ట్ ఫైళ్లు మాత్రం మాడ్స్‌లో నేరుగా గానీ, ఒక్క ఫోల్డర్ లోపల గానీ ఉండాలి, అంతకంటే లోతుకు వెళ్తే ఆట చూడదు. జిప్, రార్ ఫైళ్లను విప్పకుండా పెడితే ఆట వాటిని అసలు పట్టించుకోదు. ‘ఏమీ కనిపించడం లేదు’ అన్న కేసుల్లో పెద్ద వాటా ఈ విప్పని జిప్‌లదే.

ఇక ఆట సెట్టింగులు. గేమ్ ఆప్షన్స్‌లో అదర్ అనే చోట ‘ఎనేబుల్ కస్టమ్ కంటెంట్ అండ్ మాడ్స్’ అని ఉంటుంది. మేకప్‌కు ఇది చాలు, కిందనే ఉండే స్క్రిప్ట్ మాడ్స్ అనుమతి అక్కర్లేదు. ఆన్ చేశాక ఆటను మూసి మళ్లీ తెరవాలి. అప్‌డేట్ వచ్చిన ప్రతిసారీ ఆట ఈ టిక్కును తనంతట తానే తీసేస్తుంది. పాత మాడ్ కొత్త వెర్షన్‌తో పొసగక సేవ్ పాడవకుండా తీసుకునే జాగ్రత్త అది. నిన్నటిదాకా ఉన్న కాటుక ఈ రోజు లేకపోతే ముందు చూడాల్సింది ఈ టిక్కునే. టిక్కు లేనప్పుడు ఆట ఆడి సేవ్ చేస్తే సిమ్‌లు ఆ మేకప్ లేకుండానే సేవ్ అయిపోవచ్చు. అందుకే టిక్కు పెట్టి, అంతా సరిగ్గా ఉందని చూసుకున్నాకే సేవ్ చేయడం క్షేమం.

ఒక విభాగానికి ఒక్కటే: పోతురాజు ముఖం ఉదాహరణగా

క్యాస్‌లో మేకప్ కింద ఐషాడో, ఐలైనర్, బ్లష్, లిప్‌స్టిక్, ఫేస్ పెయింట్ వంటి విభాగాలుంటాయి. ఒక్కో విభాగంలో ఒకసారికి ఒక్కటే పెట్టగలం. కొత్తది ఎంచుకుంటే పాతది పోతుంది. ఈ చిన్న నియమం మన అలంకరణల దగ్గరకు వచ్చేసరికి పెద్ద చిక్కే తెచ్చిపెడుతుంది.

పోతురాజును తీసుకుందాం. ఒళ్లంతా పసుపు, నుదుట కుంకుమ, కళ్లకు కాటుక. కాటుక ఐలైనర్‌లోకి వెళ్తుంది, ఇబ్బంది లేదు. ముఖానికి పసుపు ఫేస్ పెయింట్‌లోకి వెళ్తుంది. మరి కుంకుమ? దాన్నీ ఫేస్ పెయింట్‌లో పెడితే పసుపు పెట్టగానే కుంకుమ పోతుంది. దీనికి తయారీదారులు రెండు దారులు వాడతారు. ఒకటి, పసుపూ కుంకుమా కలిపి ఒకే బొమ్మగా గీయడం. చూడటానికి బాగుంటుంది గానీ కుంకుమ ఒక్కటే కావాలనుకున్నవాళ్లకు పనికిరాదు. రెండోది, కుంకుమను స్కిన్ డీటెయిల్స్‌లోకి పంపడం. అక్కడ నుదుటి ముడతలకు, మచ్చలకు, పుట్టుమచ్చలకు వేర్వేరు చోట్లున్నాయి. నుదుటి ముడత స్థానంలో బొట్టు పెడితే పసుపుతో గొడవ ఉండదు. పెళ్లికూతురి బుగ్గ చుక్కను బుగ్గ పుట్టుమచ్చ స్థానంలో పెట్టడం కూడా ఇలాంటిదే.

కానీ స్కిన్ డీటెయిల్స్‌కూ ఓ గుణం ఉంది. మేకప్‌ను డ్రెస్సును బట్టి మార్చుకోవచ్చు: రోజువారీకి ఒకటి, పార్టీకి ఒకటి. స్కిన్ డీటెయిల్స్ మాత్రం ఒంటితో పుట్టినట్టే అన్ని డ్రెస్సులకూ ఉండిపోతాయి. రోజూ బొట్టు పెట్టుకునే అమ్మమ్మ పాత్రకు ఇది హాయి. పండగ రోజే కుంకుమ పెట్టుకునే పాత్రకు కుదరదు.

మెడ కింద ఒంటికి పసుపు కావాలంటే టాటూ విభాగాలే దిక్కు. చేతులు, కాళ్లు, ఛాతీ, వీపు అన్నిటికీ వేర్వేరు చోట్లున్నాయి. గోరింటాకు, పారాణి కూడా తరచుగా ఇక్కడికే వస్తాయి.

విభాగాలు వేరైనంత మాత్రాన సరిపోదు. ఏది పైన రావాలో తేల్చేది రికార్డులోని సార్ట్ లేయర్ అనే సంఖ్య. సంఖ్య పెద్దదైతే పొర పైకి వస్తుంది. స్కిన్ డీటెయిల్స్ సాధారణంగా మేకప్ కిందే ఉంటాయి. కాబట్టి అక్కడ పెట్టిన కుంకుమ, దట్టమైన పసుపు పొర కింద కప్పబడిపోతుంది. విభాగం సరిగ్గా ఎంచుకుని సార్ట్ లేయర్ మార్చడం మర్చిపోయిన సీసీలో సరిగ్గా ఇదే కనిపిస్తుంది: బొట్టు విడిగా బాగుంటుంది, పసుపుతో కలిస్తే మాయం.

వయసు గుర్తులూ ఇదే రికార్డులో. చంటిపిల్లకు దిష్టిచుక్క పెట్టాలంటే టాడ్లర్ అన్న గుర్తు ఆన్ అయి ఉండాలి. పెద్దల మేకప్‌ను కాపీ చేసి తయారుచేసిన సీసీలో టీన్ నుంచి ఎల్డర్ వరకే ఉండటం మామూలు. గుర్తు ఆన్ చేశాక కూడా పిల్లల ముఖం కొలతలు వేరు కాబట్టి చుక్క ఎక్కడ పడుతోందో మళ్లీ చూసుకోవాలి.

చామనఛాయ మీద రంగు ఎందుకు మారుతుంది

ఈ వ్యాసంలో అన్నిటికంటే ముఖ్యమైనది ఇదే. లేత చర్మం మీద అందంగా కనిపించిన లిప్‌స్టిక్ మన రంగు సిమ్ మీద బూడిద పూసినట్టు ఉందంటే, తప్పు చర్మానిది కాదు. తయారీలో ఒక సంఖ్యది.

బొమ్మలో ప్రతి పిక్సెల్‌కూ ఎరుపు, ఆకుపచ్చ, నీలం విలువలతో పాటు ఆల్ఫా అనే నాలుగో విలువ ఉంటుంది. అన్నీ 0 నుంచి 255 వరకు. ఆల్ఫా 0 అయితే ఆ పిక్సెల్ పూర్తి పారదర్శకం, 255 అయితే కింది చర్మం అసలు కనిపించదు. మధ్యలో ఉంటే రెండూ కలుస్తాయి. సాధారణ పద్ధతిలో లెక్క ఇది: మేకప్ రంగును ఆల్ఫా శాతంతో హెచ్చించి, చర్మపు రంగును మిగిలిన శాతంతో హెచ్చించి, రెండూ కూడాలి.

ఒక లేత గులాబీ లిప్‌స్టిక్ తీసుకుందాం: ఎరుపు 240, ఆకుపచ్చ 190, నీలం 200. ఆల్ఫా 40 శాతం. లేత చర్మం 235, 195, 175 అనుకుంటే, పెదవి మీద వచ్చేది 237, 193, 185. చర్మంతో కలిసిపోయిన మృదువైన గులాబీ. అదే లిప్‌స్టిక్ ముదురు చర్మం మీద, అంటే 90, 60, 45 మీద పెడితే వచ్చేది 150, 112, 107. ఆకుపచ్చ, నీలం దాదాపు సమానమైపోయాయి, ఎరుపు వాటికి కాస్త మాత్రమే పైన ఉంది. కంటికి అది గులాబీ కాదు, పాలిపోయిన బూడిద. ముదురు గోడ మీద ఒక్క చేయి పల్చటి సున్నం కొట్టినట్టు ఉంటుంది.

ఇప్పుడు ముదురు ఎరుపు: 180, 40, 60. అదే 40 శాతంతో ముదురు చర్మం మీద 126, 52, 51. ఇటుక రంగు, ఫర్వాలేదు గానీ లిప్‌స్టిక్ వేసుకున్నట్టు గట్టిగా తెలియదు. ఆల్ఫాను 75 శాతానికి పెంచితే 158, 45, 56. ఇప్పుడు ఎరుపు నిలబడింది.

దీన్నిబట్టి రెండు సంగతులు అర్థమవుతాయి. ముదురు చర్మానికి లేత రంగులు పల్చగా వేస్తే తెల్లబారతాయి. అదే రంగు తగినంత దట్టంగా గానీ, ఎక్కువ ఎరుపు, తక్కువ తెలుపుతో గానీ వేస్తే బాగుంటుంది. అలాగని ఆల్ఫాను 100 శాతానికి తోసేయడం కూడా పరిష్కారం కాదు. పెదవి గీతలు, ముక్కు పక్క నీడలు చాలావరకు చర్మపు చిత్రంలోనే గీసి ఉంటాయి. దట్టమైన పొర వాటిని మింగేస్తుంది, ముఖం ప్లాస్టిక్ మాస్కులా చదునైపోతుంది. పోతురాజు పసుపు సాధారణంగా చెడిపోయేది ఇక్కడే. 230, 170, 30 రంగును 50 శాతం ఆల్ఫాతో చామనఛాయ మీద, అంటే 110, 75, 55 మీద వేస్తే 170, 123, 43 వస్తుంది. పసుపు తెలుస్తుంది, కింద మనిషీ తెలుస్తాడు. పసుపు ముద్దగా పట్టే నుదురు, బుగ్గల దగ్గర ఆల్ఫా పెంచి, కళ్ల చుట్టూ, పెదవుల అంచున తగ్గిస్తే నిజంగా చేత్తో పూసినట్టు వస్తుంది.

2020 డిసెంబరు అప్‌డేట్‌లో ఆట వందకు పైగా కొత్త చర్మపు ఛాయలు, వాటితోపాటు మేకప్‌కు స్లైడర్లు తెచ్చింది. రంగు, గాఢత, వెలుగు, పారదర్శకతలను ఆడేవాళ్లే సర్దుకోవచ్చు. ఇది మంచి మార్పు. కానీ సీసీకి స్లైడర్ పనిచేయాలంటే దాని రికార్డులో స్లైడర్ వివరాలు ఉండాలి. అంతకు ముందు తయారైన ఫైళ్లలో అవి ఉండవు. పాత లిప్‌స్టిక్‌కు స్లైడర్ కదలకపోతే ఫైల్ పాడైందని కాదు, పాతదని అర్థం. పైగా స్లైడర్ మొత్తం బొమ్మను ఒకే తీరుగా మారుస్తుంది. అంచులో ఒకలా, మధ్యలో ఒకలా కావాలంటే బొమ్మలోనే చేయాలి.

డౌన్‌లోడ్ పేజీల్లోని నమూనా ఫొటోలు లేత చర్మం మీదే తీసి ఉంటే పై లెక్క గుర్తుంచుకోవడం మంచిది. మూడు నాలుగు ఛాయల మీద ఫొటోలు పెట్టే తయారీదారులను నమ్మొచ్చు. అది మర్యాద కోసం చేసే పని కాదు, సరుకును సరిచూశారన్న ఆధారం.

తెల్లటి అంచు, చదరపు మచ్చలు

పెదవి చుట్టూ తెల్లటి గీత రావడానికి కారణం మామూలు కంటికి కనిపించదు. పూర్తి పారదర్శకమైన పిక్సెల్‌కు కూడా లోపల ఏదో ఒక రంగు విలువ ఉంటుంది. చాలా బొమ్మల సాఫ్ట్‌వేర్లు అక్కడ తెలుపునో నలుపునో వదిలేస్తాయి. ఆట ఈ బొమ్మను దూరంగా చూపించడానికి చిన్న సైజు నకళ్లు వాడుతుంది, వాటిని మిప్‌మ్యాప్‌లు అంటారు. చిన్నవి చేసేటప్పుడు పక్కపక్క పిక్సెళ్లు కలుస్తాయి. పెదవి ఎరుపుతో పక్కన దాగిన తెలుపు కూడా కలుస్తుంది. అదే గీత. బొమ్మ మొత్తాన్ని లిప్‌స్టిక్ రంగుతోనే నింపి, ఆకారాన్ని ఆల్ఫా ఛానెల్‌లో విడిగా ఇస్తే ఈ బాధ పోతుంది. గింప్ అనే బొమ్మల సాఫ్ట్‌వేర్‌లో పీఎన్‌జీగా సేవ్ చేసేటప్పుడు పారదర్శక పిక్సెళ్ల రంగును కాపాడమని ఒక టిక్కు ఉంటుంది. అది లేకపోతే చేసిన పనంతా వృథా.

చదరపు మచ్చలది వేరే కథ. డీఎక్స్‌టీ5 లాంటి కంప్రెషన్ పద్ధతి, అంటే ఫైల్ సైజు తగ్గించే పద్ధతి, బొమ్మను 4 × 4 పిక్సెళ్ల గళ్లుగా కోస్తుంది. ఒక్కో గడిలో రెండు మూల రంగులు, వాటి మధ్య రెండు కలుపు రంగులు, మొత్తం నాలుగే. చర్మం, కాటుక నలుపు, కుంకుమ ఎరుపు ఒకే గడిలో పడితే నాలుగు రంగులు చాలవు. కాటుక అంచు మెట్లు మెట్లుగా, కుంకుమ చుట్టూ మురికిగా కనిపిస్తుంది. గ్రాఫిక్స్ సెట్టింగుల్లో ‘అన్‌కంప్రెస్డ్ సిమ్ టెక్స్చర్స్’ అన్నది ఆన్ చేస్తే ఇది చాలావరకు తగ్గుతుంది.

దాని ఖరీదు లెక్కేద్దాం. 1024 × 2048 అంటే దాదాపు 21 లక్షల పిక్సెళ్లు. కంప్రెస్ చేస్తే పిక్సెల్‌కు ఒక బైట్, మొత్తం 2 ఎంబీ. చేయకపోతే నాలుగు బైట్లు, 8 ఎంబీ. కుటుంబంలో గరిష్ఠంగా 8 మంది ఉంటే చర్మపు రంగు చిత్రానికే 16 ఎంబీ బదులు 64 ఎంబీ. బొమ్మలను పెద్ద సైజులో చూపించే హెచ్‌క్యూ మాడ్ వేసి 2048 × 4096 వాడితే ఇవన్నీ నాలుగింతలు, అంటే కంప్రెషన్ లేకుండా 256 ఎంబీ. విడి గ్రాఫిక్స్ కార్డు ఉన్న కంప్యూటర్‌కు ఇది లెక్కలోకి రాదు. కార్డు లేని మామూలు ల్యాప్‌టాప్‌లో జనం ఎక్కువున్న చోటికి వెళ్తే తెలుస్తుంది. సికింద్రాబాద్‌లోని కంప్యూటర్ దుకాణాల సముదాయం సీటీసీకి వెళ్లి ర్యామ్ పెంచుకుంటే లోడింగ్‌కు ఊరట ఉంటుంది గానీ, కంప్రెషన్ మచ్చలకు అది మందు కాదు. ఇంకో మాట: హెచ్‌క్యూ మాడ్ లేకుండా హెచ్‌క్యూ బొమ్మ దించుకుంటే ఆట దాన్ని మామూలు సైజుకే కుదిస్తుంది. నమూనా ఫొటోలోని పదును రాలేదని ఫైల్‌ను తప్పుపట్టి లాభం లేదు.

ఊరంతా అదే మేకప్, ఇంకొన్ని తికమకలు

ఆట ఊళ్లోని మనుషులను తనంతట తానే పుట్టిస్తుంది. అలా పుట్టించేటప్పుడు, రికార్డులో ర్యాండమ్‌కు అనుమతి ఉన్న ఏ మేకప్‌నైనా వాడుకోవచ్చు. పోతురాజు పసుపుకు ఆ అనుమతి ఆన్‌లో ఉంటే ఆషాఢం లేదు, జాతర లేదు, ఎవరు పడితే వాళ్లు పసుపు ముఖంతో తిరుగుతారు. సిమ్స్ 4 స్టూడియోలో ఆ ఒక్క గుర్తు తీసేస్తే చాలు, స్వాచ్‌లన్నిటికీ తీయాలి. అప్పటికే పుట్టిన మనుషులు మాత్రం అలాగే ఉంటారు, వాళ్లను విడిగా మార్చుకోవాలి.

ఆడేవాళ్లు తమ సిమ్‌లను ఒకరితో ఒకరు పంచుకునే గ్యాలరీలో పెట్టిన సిమ్‌తో సీసీ వెళ్లదు. వేరేవాళ్లు దించుకుంటే, అవే ఫైళ్లు వాళ్ల దగ్గర కూడా ఉంటేనే ఆ మేకప్ కనిపిస్తుంది. మేకప్ ఫైల్ తీసేస్తే సేవ్ పాడైపోతుందన్న భయమూ అక్కర్లేదు. సిమ్ ముఖం మీద నుంచి అది పోతుందంతే.

ఏదో ఒక ఫైల్ క్యాస్‌ను పాడుచేస్తోంది గానీ ఏదో తెలియదు అన్నప్పుడు సగం సగం పద్ధతి వాడతారు. 200 ఫైళ్లుంటే 100 పక్కన పెట్టి చూస్తారు. సమస్య ఉంటే దోషి లోపలి వందలో, లేకపోతే పక్కన పెట్టిన వందలో. తర్వాత 50, 25, 13, 7, 4, 2, 1. ఎనిమిది సార్లు తెరిచి మూస్తే తేలిపోతుంది. ప్రతిసారీ లోకల్‌థంబ్‌క్యాష్ అనే ఫైల్‌ను తీసేయాలి, లేకపోతే పాత చిహ్నాలే కనిపించి లెక్క తప్పుతుంది. ఆట దాన్ని మళ్లీ తనే తయారుచేసుకుంటుంది. చాలా ఫైళ్లను కలిపి ఒకటి చేసే మెర్జింగ్ వల్ల లోడింగ్ త్వరగా అవుతుందని కొందరు ఇష్టపడతారు. కలిపేశాక ఈ సగం సగం పద్ధతి పనిచేయదని ఇంకొందరు వద్దంటారు. మేకప్ లాంటి స్థిరమైన వాటిని కలపడం, తరచూ మారేవాటిని విడిగా ఉంచడం నాకు సబబుగా తోస్తుంది.

స్క్రిప్ట్ వచ్చిన చోట జాగ్రత్త

2024 మార్చి ప్రాంతంలో పేరున్న డౌన్‌లోడ్ సైట్లలోనే కొన్ని సిమ్స్ 4 మాడ్లలో హానికర ప్రోగ్రామ్ బయటపడింది. అవి స్క్రిప్ట్ ఫైళ్లు. కంప్యూటర్‌లో ఏ పనైనా చేసే వీలు స్క్రిప్ట్‌కు ఉంటుంది. బొమ్మ, రికార్డు మాత్రమే ఉన్న మేకప్ ప్యాకేజ్‌కు ఆ వీలు లేదు. కాబట్టి లిప్‌స్టిక్ అని దించుకున్న జిప్‌లో టీఎస్4స్క్రిప్ట్ గానీ, ఈఎక్స్‌ఈ గానీ ఉంటే దాన్ని తెరవాల్సిన అవసరమే లేదు, నేరుగా తీసేయాలి.

శైలి మీద, డబ్బు మీద వాదాలు

సీసీ లోకంలో రెండు శైలులున్నాయి. మ్యాక్సిస్ మ్యాచ్ అంటే ఆట బొమ్మల తీరుకు సరిపోయేలా, నున్నగా, సరళంగా గీసింది. ఇంకోదాన్ని ఆల్ఫా అంటారు, పైన చెప్పిన ఆల్ఫా విలువతో దీనికి సంబంధం లేదు. అది చర్మపు రంధ్రాలు, పెదవి పగుళ్లు కనిపించేంత నిజమైన శైలి. మొదటిదాన్ని ఇష్టపడేవాళ్లు ఆట మొత్తం ఒకే చేతి పనిలా ఉండాలంటారు. రెండోవైపు వాళ్లు ఆట శైలిలో మన ముఖాలు, మన నగలు, మన కాటుక సరిగ్గా పలకవంటారు. ఇద్దరి మాటలోనూ పస ఉంది. సాంకేతికంగా తేడా ఏమిటంటే, సూక్ష్మ వివరాలున్న మేకప్ కంప్రెషన్‌లో ఎక్కువగా నలుగుతుంది. మామూలు ల్యాప్‌టాప్‌లో నున్నటి మేకప్ మెరుగ్గా కనిపించడానికి కారణం అదే.

డబ్బు వాదం ఇంకా పదునైంది. ఆట సొంతదారు ఎలక్ట్రానిక్ ఆర్ట్స్, హైదరాబాద్‌లోనూ ఆఫీసున్న కంపెనీ, 2022లో తన నియమాలను స్పష్టం చేసింది: సీసీ అమ్మకూడదు, అందరికీ ఉచితంగా అందాలి. విరాళాలు, ప్రకటనల ఆదాయం ఫర్వాలేదు. తర్వాత తయారీదారుల నిరసనతో కొంత వెసులుబాటు ఇచ్చింది: తయారీదారులు చందాలు తీసుకునే పాట్రియాన్ లాంటి సైట్లలో చందాదారులకు ముందుగా ఇవ్వొచ్చు, సమంజసమైన గడువు తర్వాత మిగతావాళ్లకు ఉచితంగా ఇవ్వాలి.

తయారీదారుల వైపు మాట: 12 స్వాచ్‌ల లిప్‌స్టిక్‌ను నాలుగైదు ఛాయల మీద, రెండు లింగాల మీద, అన్ని వయసుల మీద సరిచూడటం రోజుల పని. అప్‌డేట్ వచ్చాక మళ్లీ చూసుకోవాలి. దానికి కాస్త ప్రతిఫలం న్యాయమే కదా. ఆడేవాళ్ల వైపు మాట: ఆట తమది కాని వాళ్లు ఆ ఆట మీద గోడ కట్టి టికెట్ పెట్టడం ఏమిటి? పైగా చందా డాలర్లలో ఉంటే ఇక్కడి విద్యార్థికి అది భారమే. మూడో వాదం ఇంకొకరి బొమ్మను తీసుకుని రంగు మార్చి పంచడం గురించి. మార్చుకోవడానికి అనుమతించినా మళ్లీ పంచొద్దనే తయారీదారులు కొందరు, మూల ఫైల్ జత చేయకుండా రంగులు మాత్రం పంచొచ్చనే వాళ్లు కొందరు. ఈ షరతులు ఒక్కొక్కరివి ఒక్కోలా ఉంటాయి, డౌన్‌లోడ్ పేజీలోనే రాసి ఉంటాయి.

‘సమంజసమైన గడువు’ అంటే ఎన్ని రోజులో కంపెనీ 2022 నియమాల్లో అంకె వేసి చెప్పలేదు. అందుకే మూడు వారాలకు విడుదల చేసేవాళ్లూ, నెలలు గడిచినా చందా వెనకే ఉంచేవాళ్లూ ఇద్దరూ తాము నియమం పాటిస్తున్నామనే అంటున్నారు.